తలల లెక్క

మాల్ దగ్గర చాయ్ తాగినంక తలలు లెక్కపెట్టిన.
నలభై రెండు.
డ్రైవర్ పాషా అద్దంల చూసి బొటనవేలు ఎత్తిండు.
మైకు ఊదిన:
ఎడమ పక్క కూసున్నోళ్లకు ముందుగాల నీళ్లు కనిపిస్తయ్,
కుడి పక్కోళ్లు అలగొద్దు,
వాపసుల మీ వంతు.
పందొమ్మిదేండ్ల సంది ఇదే ముక్క చెప్తున్న,
పందొమ్మిదేండ్ల సంది అదే చోట నవ్వుతరు.

లాంచీ కాడ నారింజ రంగు జాకెట్లు.
నిన్నటోళ్ల చెమట ఇంకా ఆరలేదు.
బ్యాంకు పెద్దమనిషి ఒకాయన ముక్కు మూసుకొని తొడుక్కుండు,
ఫోటోకు మాత్రం మంచిగ నిలవడ్డడు.

నాగార్జునకొండ దాటినంక
కృష్ణ సన్నవడుతది.
రెండు దిక్కులా బండలు,
పలక మీద పలక, పలక మీద పలక,
ఎవరో జొన్నరొట్టెలు పేర్చిపెట్టి
పిలుస్తమని మర్చిపోయినట్టు.
ఇక్కడ ఇంజన్ బంద్ చెయ్యమంట.
చప్పుడు ఆగినంక
లాంచీ కింద నీళ్లు
పండ్లు లేని ముసలామె బెల్లం చప్పరించినట్టు వినవడ్తయ్.
ఎంత లోతు, అని అడుగుతరు.
ప్రతిసారీ మొదటి ప్రశ్న అదే.
అంకె చెప్త.
అంకె వింటే మనుషులకు నిమ్మళం.

బండ నీడల పుట్టిల ఇద్దరు.
ఆమె తెడ్డు, అతను వల.
మావోళ్లు చేతులూపిండ్రు.
వాళ్ల చేతులు ఖాళీ లేవు.

పులిహోర పొట్లాలైనంక హిల్ కాలనీ.
ఇది ఊరు కాదు సార్, కాలనీ.
ఊరు ఎవలకు తెల్వకుండ పుడతది,
దీన్ని ముందు కాగితం మీద కన్నరు.
గాలి తగిలే మిట్ట మీద పెద్ద ఇంజనీరు,
కింద ఓవర్సీరు, ఇంకా కింద గుమస్తా.
జీతాలెట్ల దిగితే
ఇండ్లట్ల దిగినయ్ వాలు మీద.
దొరలు దేశమిడిచిపొయ్యిండ్రు గని
వాళ్ల గీతల బల్ల ఇక్కడ మర్చిపొయ్యిండ్రు.
ఈడ కూడ నవ్వుతరు.

ఇయ్యాల నవ్వలేదు ఒక పిల్ల.
తొమ్మిదో తరగతట, నోట్‌బుక్కు తెచ్చుకుంది.
"అంకుల్, రాళ్లు మోసినోళ్ల ఇండ్లేవి?"

నా ముక్కల్ల ఆ ముక్క లేదు.
మైకు ఆపిన.
అగో, ఆ సర్కారు తుమ్మలున్న జాగ, అన్న.
గోనెపట్టా గుడిసెలు.
పాలమూరు నుంచి మేస్త్రీ ఎంట వచ్చింది మా అమ్మ ఈదమ్మ.
వాన గొడితే ఇనుప పొయ్యి నెత్తిన వెట్టుకొని
తెల్లారేదాక నిలవడేదట.
మోసిన గంపకొక ఇత్తడి బిళ్ల,
మాపటికి బిళ్లలిస్తే పైసలు.
ఒకనాడు ఒక బిళ్ల కొంగుల మిగిలింది.
మర్చిపోయిందో, దాచుకుందో,
బతికున్నప్పుడు అడగలే.
అంటే, కట్టల ఒక గంపెడు రాయి
ఇంకా కూలి వడకుండనే
నీళ్లను ఆపుతున్నది.

బిళ్ల నా తాళాల గుత్తికే ఉంటది.
పిల్ల అటు తిప్పి ఇటు తిప్పి చూసింది.
"పేరు లేదు."
లేదు. నంబరుండె, అరిగింది.
కాగితం కింద వెట్టి పెన్సిలుతోని రుద్దింది.
నా కండ్లకు ఎన్నడు కానరాని మూడంకెలు
మెల్లగ లేచినయ్.
నాలుగోది లేవలే.
ఎంత రుద్దినా లేవలే.

బస్సెక్కినంక మళ్ల లెక్క.
నలభై మూడు.
ఇంకోసారి పెట్టిన. నలభై మూడే.
"నిన్ను నువ్వు కలుపుకున్నవేమో భాయ్," అని నవ్విండు పాషా.
కావచ్చు.
మూడోసారి పెట్టలేదు, రైట్ అన్న.

కుడి పక్కోళ్ల వంతు వచ్చేసరికి
చీకటి వడ్డది.